రాత్రి రెండు గంటలకు కలిగే పశ్చాత్తాపాన్ని నమ్మి ఉద్యోగం మానుకోవచ్చునా?

ప్రశ్న: తోటపల్లి (రాత్రి 2.50)

నేను హైదరాబాదులో ఒక తెలుగు దినపత్రికలో రాత్రి డెస్కులో పనిచేస్తున్నాను. మాది పార్వతీపురం దగ్గర ఒక పల్లె. నా భార్య అక్కడే ప్రభుత్వ పాఠశాలలో ఉపాధ్యాయురాలు, మా అమ్మాయి విశాఖపట్నంలో ఇంజినీరింగు చదువుతున్నది, నేను నల్లకుంటలో మేడ మీది గదిలో ఒక్కడినే ఉంటున్నాను. కుటుంబాన్ని ఇక్కడికి తెచ్చుకోవచ్చు కదా అని చాలామంది అడుగుతారు కనుక ముందే చెబుతున్నాను. 2014 జూన్ 2తో ఆమె ఉద్యోగం ఒక రాష్ట్రంలోనూ నాది మరొక రాష్ట్రంలోనూ పడ్డాయి. ఇద్దరూ ప్రభుత్వోద్యోగులైన దంపతులే అంతర్రాష్ట్ర బదిలీ కోసం దరఖాస్తులు పట్టుకొని ఏళ్ళ తరబడి తిరిగిన చోట, ప్రైవేటు సంస్థలో పనిచేసే నాబోటివాడి మాట ఎవరు వింటారు? హైదరాబాదు ఉమ్మడి రాజధానిగా ఉన్న పదేళ్ళ గడువు సైతం 2024లో తీరిపోయింది.

మా పని సాయంత్రం అయిదు గంటలకు మొదలవుతుంది. దూరపు మండలాలకు వెళ్ళే ఎడిషన్ పేజీలను ముందు వదలాలి, తరువాత జిల్లా కేంద్రాలవి, అన్నింటికన్నా చివర నగరం పేజీలు. ఆఖరి పేజీ ప్రెస్సుకు వెళ్ళేసరికి ఒంటిగంట దాటుతుంది. ఒక్కొక్క రాత్రి ఎవరైనా పెద్ద నాయకుడు కన్నుమూసినా, ఎక్కడైనా రైలు పట్టాలు తప్పినా, అప్పటికే పెట్టిన పేజీ అంతా విప్పి మళ్ళీ పెట్టవలసి వస్తుంది. చెప్పడానికి కొంచెం సిగ్గుగా ఉన్నా, నాకు అటువంటి రాత్రులే నయం, ఎందుకంటే ఆ హడావుడిలో ఉన్నంతసేపు మరే ఆలోచనా దగ్గరికి రాదు.

బండి మీద ఆర్టీసీ క్రాస్‌రోడ్డు దాటి విద్యానగర్ వైపు వచ్చేటప్పుడు రోడ్డు మీద నాకు ఎదురయ్యేవారు దాదాపు ఎప్పుడూ వారే: మెరిసే పట్టీల కోట్లు వేసుకొని రోడ్లు ఊడ్చే ఆడవాళ్ళు, సైకిలు వెనక ఫ్లాస్కు కట్టుకొని టీ అమ్మే ఒక ముసలాయన, ఆటోలోనే కాళ్ళు బయటికి చాపి నిద్రపోయే డ్రైవర్లు. గది తాళం తీసి లైటు వేస్తాను. మధ్యాహ్నం నీళ్ళు తాగిన గ్లాసును కిటికీ గట్టు మీద ఎక్కడ పెట్టి వెళ్ళానో అది సరిగ్గా అక్కడే ఉంటుంది. ఇల్లన్నాక మనం లేనప్పుడు ఎవరో ఒకరు వస్తువులను కదుపుతారు, మనం వచ్చి అది ఏది, ఇది ఏది అని కసురుకొంటాము. నా గదిలో ఆ అవకాశం లేదు.

ఆ తరువాత నిద్ర పట్టేదాకా ఒకే విషయం మెదులుతుంది. ప్రభుత్వ ఉపాధ్యాయుల నియామకానికి పెట్టిన 1998 డీఎస్సీ రాతపరీక్షలో నేను అర్హత సాధించాను. ఇంటర్వ్యూకు పిలుపు వచ్చిన వారంలోనే ఒక పత్రిక నడిపే జర్నలిజం పాఠశాలకు కూడా ఎంపికయ్యాను. ఊళ్ళో బడిపంతులుగా ఉండిపొమ్మని మా నాన్నగారు అన్నారు, నేను హైదరాబాదు రైలెక్కాను, ఇంటర్వ్యూకు వెళ్ళనేలేదు. 2022లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం నాటి డీఎస్సీలో అర్హత పొందికూడా ఉద్యోగం రాని వారికి ఉపాధ్యాయ పోస్టులు ఇవ్వాలని నిర్ణయించినప్పుడు, కూలిపనులు చేసుకొన్నవారు, ట్యూషన్లు చెప్పుకొన్నవారు యాభై దాటిన వయసులో పంతుళ్ళు అవుతున్నారన్న కథనం మా జిల్లా పేజీకే వచ్చింది. కంట్రిబ్యూటరు పంపిన కాపీని దిద్ది శీర్షిక పెట్టింది నేనే. శీర్షిక బాగుందని మరునాడు ఇన్‌ఛార్జి మెచ్చుకొన్నారు కూడా.

మా దంపతులిద్దరి తీరిక వేళలు కలిసేది సాయంత్రం ఒక ముప్పావుగంట. ఆమె బడి ముగించుకొని ఆటోలో ఉంటుంది, నేను ఆఫీసుకు తయారవుతుంటాను. ఆటో చప్పుడులో సగం మాటలు వినిపించవు, వినిపించిన సగంలో గ్యాసు సిలిండరు, అమ్మాయి ఫీజు, మా అమ్మ మోకాళ్ళ నొప్పి ఉంటాయి. నాకు నిజంగా మాట్లాడాలనిపించే వేళకు ఆమె నిద్రలో ఉంటుంది, తెల్లవారి లేచి అన్నం వండుకొని బడికి వెళ్ళవలసిన మనిషిని లేపడానికి నాకు మనసొప్పదు.

ఇప్పుడు నా సందేహం. రాత్రి రెండు గంటలకు, నా బతుకంతా ఆ ఒక్క రైలెక్కడం వల్లనే ఇలా అయిందని నాకు అణుమాత్రం అనుమానం లేకుండా అనిపిస్తుంది. అటువంటి ఒక రాత్రి రాజీనామా లేఖ టైపు చేసి ఫోనులో దాచుకొన్నాను. పొద్దున పదకొండు గంటలకు ఇడ్లీ తింటూ అదే లేఖ చదివితే ఎవరో పరాయివాడు, అందులోనూ కాస్త నాటకీయంగా మాట్లాడే అలవాటు ఉన్నవాడు, రాసినట్టు కనిపిస్తుంది. రాత్రికి మళ్ళీ అందులోని ప్రతి అక్షరమూ నిజమే. నాకు యాభై నిండాయి. ఈ రెండు వేళల్లో దేని మాట విని నిర్ణయం తీసుకోవాలి? రాత్రిపూట పనిచేసేవారు, ఒంటరిగా ఉండేవారు తమ అనుభవం చెబితే సంతోషిస్తాను. ధ్యానం చేయండి, మంచి పుస్తకాలు చదవండి అనే సలహాలు మాత్రం దయచేసి వద్దు. చదవడమే నా ఉద్యోగం.


జవాబు: ఏడో వార్డు (ఉదయం 8.40)

అన్నగారూ, నేను నగరంలో ఒక ప్రభుత్వ ఆసుపత్రిలో స్టాఫ్ నర్సును. సొంత ఊరు ఖమ్మం జిల్లాలో ఉంది. రాత్రి డ్యూటీ ముగించుకొని బస్సులో కూర్చొని ఇది రాస్తున్నాను.

రోగుల కన్నా వారి వెంట వచ్చినవారి మాటలనే మేము రాత్రుళ్ళు ఎక్కువగా వింటాము. పగలంతా మందుల చీటీలు, స్కానింగు వరుసలు, ఆరోగ్యశ్రీ కాగితాలు అంటూ పరుగులు పెట్టినవారు రాత్రి రెండు మూడు గంటలకు వరండాలో దుప్పటి పరుచుకొని, నిద్రపట్టక, లేచి వచ్చి మా బల్ల దగ్గర నిలబడతారు. ఈ మధ్య ఒకతను పక్షవాతం వచ్చిన తల్లిని తీసుకొచ్చాడు. నాలుగున్నర గంటల లోపల తెచ్చి ఉంటే గడ్డను కరిగించే ఇంజెక్షన్ ఇచ్చేవారట, తాను ఆలస్యం చేసి తల్లిని మంచాన పడేశానని రాత్రంతా కుమిలిపోయాడు. ఉదయం రౌండ్లలో డాక్టరుగారు స్కాను చూపించి, ఆమెకు మెదడులో రక్తస్రావమైంది కనుక ఆ ఇంజెక్షన్ ఏ గంటకు తెచ్చినా ఇచ్చేవారు కాదని, ఇస్తే ప్రాణానికే ముప్పని విడమరిచి చెప్పారు. అతను విన్నాడు, అర్థం చేసుకొన్నాడు, భార్యకు ఫోను చేసి అదే వివరించాడు కూడా. ఆ రాత్రి మూడు గంటలకు మళ్ళీ నా బల్ల దగ్గరికి వచ్చి, సిస్టర్, నేను ముందే తెచ్చి ఉంటే అని మొదలుపెట్టాడు. పగలు తెలుసుకొన్న విషయం రాత్రికి ఎక్కడికి పోయిందో నాకు అర్థం కాలేదు, కానీ ఇటువంటిది చూడడం నాకు కొత్త కాదు.

దీనికి దేహానికి సంబంధించిన కారణం కొంత ఉంది. మన శరీరంలో ఒక గడియారం ఉన్నది, ఆ గడియారం కణాలలో ఎలా నడుస్తుందో కనిపెట్టినందుకే 2017లో ముగ్గురు అమెరికా శాస్త్రవేత్తలకు వైద్యశాస్త్రంలో నోబెల్ బహుమతి వచ్చింది. తెల్లవారుజామున నాలుగు గంటల ప్రాంతంలో శరీరపు లోపలి ఉష్ణోగ్రత అన్నింటికన్నా తక్కువగా ఉంటుంది, చురుకుదనం కూడా అప్పుడే బాగా పడిపోతుంది. ఎన్నేళ్ళు రాత్రి పని చేసినా ఈ గడియారం పూర్తిగా తిరగబడదు, ఎందుకంటే మనం ఇంటికి వెళ్ళే వేళకు ఎండ వచ్చి దానిని మళ్ళీ పగటికి సరిచేస్తుంది. అందుకే మా వార్డులో ఇన్సులిన్ మోతాదును ఒక నర్సు లెక్కగడితే మరొక నర్సు సరిచూసిన తరువాతే ఇస్తాము. ఎంత అనుభవం ఉన్నా ఒక్కరి లెక్కను నమ్మము.

మీ లేఖను కూడా మరొకరు సరిచూడాలి. మీరే పగలు ఇడ్లీ తింటూ చూసుకొంటే చాలదు. లెక్క వేసినవారే సరిచూసుకోవడాన్ని మేము సరిచూడడం అనము. ఆదివారం మధ్యాహ్నం వదినగారికి చదివి వినిపించండి.

ఇంకొక మాట. బతకాలని లేదు అనేదాకా ఆలోచన ఏ రాత్రి వెళ్ళినా ఆలోచించకుండా 14416కు ఫోను చేయండి. కేంద్ర ప్రభుత్వం 2022లో ప్రారంభించిన టెలీ మానస్ అది, రాత్రి ఏ వేళకైనా పలుకుతుంది, తెలుగులో మాట్లాడవచ్చు. మీరు అంతదాకా వెళ్ళారని నేను అనుకోవడం లేదు, కానీ ఈ ప్రశ్న చదివేవారు ఇంకా ఉంటారు.


జవాబు: పాత డెస్కు (ఉదయం 11.15)

తమ్ముడూ, నేను విజయవాడలో మూడు దశాబ్దాలకు పైగా ఈ పనే చేసి పదవీ విరమణ చేసినవాడిని. నర్సమ్మగారి మాటతో సగం వరకే ఏకీభవిస్తాను. రాత్రి లెక్క తప్పు కావచ్చు, కానీ రాత్రి గుర్తుకు వచ్చే లోటు అబద్ధం కాదు. మీరు పగలు దానిని మరిచిపోవడానికి కారణం పగటి బుద్ధి గొప్పదని కాక, పగలు మీకు తీరిక లేదని నా అనుమానం.

మా రోజుల్లో కూడా ఒంటిగంట దాటేదాకా పనే. పీటీఐ, యూఎన్ఐ టెలిప్రింటర్లు మొరాయించకుండా ఉంటే అదృష్టం. ఆఖరి పేజీ వదిలాక ఎవరూ నేరుగా గదికి పోయేవారు కారు. ఆ వేళకు టీ దొరికేది రైల్వే స్టేషన్‌లోనే కనుక నలుగురైదుగురం నడుచుకొంటూ వెళ్ళి, ఏదో రైలు కోసం ఎదురుచూసే ప్రయాణికుల మాదిరి ప్లాట్‌ఫారం బెంచీ మీద కూర్చొని, ఆనాటి శీర్షికలలో ఎవరెవరు ఏయే అపచారాలు చేశారో ఏరుకొని నవ్వుకొనేవాళ్ళం. పంపిణీ కట్టలు వచ్చేసరికి ఇంకా తడి ఆరని పత్రిక చేతిలోకి వచ్చేది. అందులో తప్పు దొరికితే ఆ తప్పు చేసినవాడిది ఆనాటి టీ ఖర్చు. ఆ గంటసేపు లేకపోతే మాలో ఎంతమందిమి ఆ ఉద్యోగంలో మిగిలేవారమో చెప్పలేను. అలాగని అదంతా బంగారు కాలమనడం లేదు; ఆ బెంచీ మీది వారిలో ఇద్దరు టీ దగ్గర ఆగకుండా మందు దాకా వెళ్ళి, కాలేయం పాడై, ఏభై అయిదు దాటకుండానే పోయారు. వారి ఇళ్ళకు వెళ్ళి పలకరించే ధైర్యం కూడా మాకు చాలినంత లేకపోయింది.

ఇప్పుడు సబ్ ఎడిటరే వార్త దిద్దుకొని, తానే తెర మీద పేజీ పెట్టుకొని, తానే ప్రెస్సుకు పంపిస్తున్నాడు. ఇదివరకు ఆ పేజీ చుట్టూ ప్రూఫ్ రీడరు, పేజీ అంటించేవారు, ప్లేటు చేసేవారు అని అరడజను మంది ఉండేవారు. 2020లో కరోనా వచ్చి చాలా పత్రికలు జిల్లా టాబ్లాయిడ్లను ప్రధాన సంచికలో కలిపివేశాక పేజీలూ తగ్గాయి, మనుషులూ తగ్గారు. మీరు ఒంటరితనమని అంటున్న దానిలో సగం ఇక్కడిదే అని నాకు అనిపిస్తున్నది. మీరు దానిని 1998 ఖాతాలో రాస్తున్నారు.

ఇక డబ్బు సంగతి, ఎందుకంటే రాజీనామా లేఖల్లో ఎవరూ అది రాయరు. పీఎఫ్‌తో పాటు మనకు ఉండే ఈపీఎస్ పింఛను పూర్తిగా వచ్చేది 58 ఏళ్ళకు. యాభై నిండాక ఉద్యోగం మానినవారు ముందుగా కోరుకోవచ్చు, కానీ 58కి ఎన్నేళ్ళు తక్కువైతే ఏడాదికి 4 శాతం చొప్పున అంత కోత పడుతుంది, ఆ కోత శాశ్వతం. అసలే ఆ పింఛను చిన్నది.

చివరగా ఒకటి అడుగుతాను. మీ పత్రికకు విశాఖలో యూనిట్, అంటే అక్కడి ఎడిషన్లు తయారయ్యే కార్యాలయం, ఉండే ఉంటుంది. అక్కడికి బదిలీ అడిగారా? ఇంత పొడుగు ప్రశ్నలో నల్లకుంట ఉంది, పార్వతీపురం ఉంది, రాజీనామా ఉంది, బదిలీ అన్న మాట మాత్రం ఎక్కడా లేదు. డెస్కులో ఉన్నవాడిని, కాపీలో ఏది లేదో ముందుగా చూడడం అలవాటైపోయింది.


జవాబు: రారిటన్ తీరం (రాత్రి 2.05, మీ కాలమానం ప్రకారం)

మీరు గది తాళం తీసే వేళకు న్యూజెర్సీలోని ఎడిసన్‌లో, వేసవి అయితే, సాయంత్రం నాలుగున్నర. నేను ఇక్కడ ఒక మానసిక ఆరోగ్య కేంద్రంలో సోషల్ వర్కరుగా పనిచేస్తున్నాను. గుంటూరు మా ఊరు.

పశ్చాత్తాపం గురించి థామస్ గిలోవిచ్, విక్టోరియా మెద్వెక్ అనే ఇద్దరు మనస్తత్వ శాస్త్రవేత్తలు 1990ల మధ్యలో చేసిన పరిశోధన మీకు పనికివస్తుంది. దగ్గరి కాలంలో మనుషులు చేసిన పనుల గురించి ఎక్కువగా బాధపడతారని, ఏళ్ళు గడిచిన కొద్దీ చేయని పనుల గురించిన బాధే మిగులుతుందని వారు చూపించారు. చేసిన పనికి ఫలితం కళ్ళ ముందు ఉంటుంది, దానితో ఏదో విధంగా సర్దుకొంటాము, అందులో ఒక మంచి వెతుక్కొంటాము. చేయని పనికి ఫలితమే లేదు కనుక దానిని ఎంత అందంగానైనా ఊహించుకోవచ్చు, అడ్డుచెప్పేవారు ఉండరు. మీ ఊహలోని పంతులుగారికి ఇంతవరకు ఒక్క తనిఖీ కూడా జరిగి ఉండదు, మధ్యాహ్న భోజనం బిల్లు ఆగిపోయి ఉండదు.

ఒంటరితనాన్ని జీవితకాలం పరిశోధించిన షికాగో విశ్వవిద్యాలయపు జాన్ కాసియోప్పో దానిని ఆకలి, దప్పికల వంటి సంకేతంగానే చూశారు: మనిషికి మనుషులు కావాలని దేహం చేసే హెచ్చరిక అన్నమాట. చిక్కేమిటంటే ఆ సంకేతం చాలాకాలం మోగితే మనిషి జనంలోకి వెళ్ళడానికి బదులు ఎదుటివారి మాటల్లో నిరాదరణను వెతకడం మొదలుపెడతాడు. ఆటో చప్పుడులో గ్యాసు సిలిండరు గురించి మాట్లాడే భార్య మీతో మాట్లాడనట్టే అనిపించడం అటువంటిదేనేమో, మీరే ఆలోచించండి. మా అమ్మానాన్నలు నలభై ఏళ్ళు సిలిండరు గురించే మాట్లాడుకొన్నారు.

వేళలు కలవకనే మీరిద్దరూ మనసువిప్పి మాట్లాడుకోలేకపోతున్నారన్న మీ మాటకు మాత్రం నా అనుభవం అడ్డువస్తున్నది. నాకు నిద్రపట్టని రాత్రి రెండు గంటలకు గుంటూరులో పగలు పదకొండున్నర. అమ్మ వంట ముగించి, టీవీ కట్టేసి, ఫోను పక్కన పెట్టుకొని కూర్చొనే వేళ అది. అయినా నేను చేయను. ఈ వేళకు ఎందుకు మేలుకొని ఉన్నావు అని ఆమె అడుగుతుంది, దానికి నా దగ్గర జవాబు ఉండదు.


జవాబు: సీతంపేట దారి (సాయంత్రం 6.30)

తోటపల్లి గారికి నమస్కారములు. మీరు వెళ్ళని ఇంటర్వ్యూకు నేను వెళ్ళాను.

శ్రీకాకుళంలో ఇస్త్రీ చొక్కా వేసుకొని, సర్టిఫికెట్లు ప్లాస్టిక్ కవరులో పెట్టుకొని, మధ్యాహ్నం దాకా వరుసలో నిలబడి లోపలికి వెళ్ళాను. కొద్ది నిమిషాల్లో పంపించివేశారు. జాబితాలో నా పేరు లేదు. వెళ్ళి ఉంటే ఉద్యోగం వచ్చి ఉండేదని మీరు ఇన్నేళ్ళుగా అనుకొంటున్నారు కనుక ఈ సంగతి మొదట చెప్పవలసి వచ్చింది. వెళ్ళినవారిలో రానివారు వేలమందిమి ఉన్నాము, అందుకే కదా అంత కాలం పోరాడాము.

మీరు పత్రికలో శీర్షికలు పెడుతున్న ఆ సంవత్సరాలలో నేను ప్రైవేటు బడిలో లెక్కలు చెప్పాను, ఎండాకాలం ఉపాధి పనికి వెళ్ళాను. ఇందిరా పార్కు దగ్గర ధర్నాలకు హైదరాబాదు వచ్చినప్పుడు గదికి డబ్బు లేక మహాత్మాగాంధీ బస్ స్టేషన్‌లో దినపత్రిక పరుచుకొని పడుకొనేవాళ్ళం. రాష్ట్రం విడిపోయాక ధర్నాలు విజయవాడకు మారాయి. అర్ధరాత్రి ఆ బస్ స్టేషన్‌లో దీపాల కింద పడుకొని నేను అనుకొన్నదేమిటో చెప్పమంటారా? ఈ కవరు పట్టుకొని తిరిగే బదులు, ఆనాడే మా తమ్ముడి వెంట ఈ నగరానికి వచ్చి తాపీపని నేర్చుకొని ఉంటే ఎంత బాగుండేది అని. మా తమ్ముడు మేస్త్రీ అయ్యాడు, ఇద్దరు పిల్లలను చదివించాడు, ఊళ్ళో డాబా కట్టాడు. ఎదురుచూసినందుకు నేను పశ్చాత్తాపపడ్డాను, ఎదురుచూడనందుకు మీరు పడుతున్నారు. మనిద్దరం ఒకే నగరంలో, బహుశా కొన్ని సార్లు ఒకే రాత్రి, ఈ పని చేసి ఉంటాము.

2023లో చేరాను. సెకండరీ గ్రేడు టీచరును, జీతం మినిమం టైం స్కేలు, అంటే ఆ పోస్టుకు ఉన్న జీతపు మెట్లలో అట్టడుగుది. నా బడి ఏజెన్సీలో ఉన్నది, పిల్లలు ఇంట్లో తమ గిరిజన భాష సవర మాట్లాడతారు, ఒకటో తరగతిలో నేను చెప్పే తెలుగు వారికి సగమే తెలుస్తుంది, వారు నవ్వుకొంటూ చెప్పే సవర నాకు పావు వంతు తెలుస్తుంది. ఈ ఉద్యోగం నాకు ఇష్టం, అబద్ధం ఎందుకు చెప్పాలి? కానీ వారమంతా కొండ కింద అద్దె గదిలోనే ఉంటాను, బస్సు సాయంత్రమే ఆగిపోతుంది, ఎనిమిది గంటలకు ఊరంతా నిద్రపోతుంది. మీకు కనీసం రోడ్లు ఊడ్చేవారు కనిపిస్తారు. నాకు రెండు గంటలకు మెలకువ వస్తే, పదవీ విరమణకు ఇంకా ఎంత కాలం ఉందో, ఆలోగా పెద్దమ్మాయి పెళ్ళి అవుతుందో కాదో లెక్కపెట్టుకొంటూ తెల్లవారేదాకా కూర్చొంటాను. బడిలో ఉంటే ఈ వ్యాధి రాదని మీరు అనుకొంటున్నట్లయితే ఆ ఆశ పెట్టుకోవద్దు.

మీ శ్రీమతి గారు మా తోటి ఉపాధ్యాయురాలు కనుక ఒక మాట అడుగుతాను, ఏమీ అనుకోవద్దు. ఆమె రాత్రుళ్ళు ఎలా గడుపుతున్నారు? మీ ప్రశ్నలో ఆమె వంట, ఆమె ఆటో ఉన్నాయి, ఆమె రాత్రి లేదు.


తోటపల్లి (ఆదివారం, మధ్యాహ్నం 3.20)

అందరికీ కృతజ్ఞతలు. నర్సు చెల్లెమ్మ చెప్పినట్టు లేఖను ఈ రోజు ఫోనులో ఇంటికి చదివి వినిపించాను. ఆమె చివరిదాకా విని, వస్తే రండి, కాని ఇక్కడికి వచ్చాక రాత్రి రెండు గంటలకు నన్ను లేపి హైదరాబాదు ఎందుకు వదిలానా అని అడగకూడదు, అన్నది. తరువాత నవ్వింది, తరువాత కొంచెంసేపు మాట్లాడలేదు. మాస్టారు అడిగిన ప్రశ్నను అప్పుడు అడిగాను. అమ్మాయి విశాఖ వెళ్ళినప్పటి నుంచి హాల్లో లైటు తీయకుండా పడుకొంటున్నదట. కరెంటు బిల్లు గురించి నేను ఫోనులో కోప్పడిన సందర్భాలు నాకు గుర్తున్నాయి. రారిటన్ తీరం గారూ, మా సిలిండరు మాటల్లో ఇది ఎన్నడూ రాలేదు, కనుక వేళల సంగతి నేను పూర్తిగా వదులుకోలేను. ఆదివారం మధ్యాహ్నం గంటన్నర దొరికితేనే బయటికి వచ్చిన మాట ఇది.

బదిలీ విషయంలో పాత డెస్కు గారికి దొరికిపోయాను. సెంట్రల్ డెస్కులో ఉన్నవాడు యూనిట్‌కు వెళ్ళడాన్ని మా దగ్గర మెట్టు దిగడమంటారు, ఆ మాట పడలేక ఇంతకాలం అడగలేదు. రాత్రి దుఃఖానికి కారణాలు వెతికేటప్పుడు ఈ పగటి బింకం ఒక్కసారి కూడా గుర్తుకు రాలేదు. విశాఖ నుంచి మా ఊరికి మూడు గంటల ప్రయాణం, వీక్లీ ఆఫ్‌కు వెళ్ళి రావచ్చు. ఇక్కడి నుంచి వెళ్ళాలంటే ఒక రాత్రి, మరునాడు సగం పూట రైలుకే పోతుంది, పైగా మా ఊరి మీదుగా వెళ్ళే నాగావళి ఎక్స్‌ప్రెస్ రోజూ ఉండదు. అమ్మాయి కూడా అక్కడే ఉన్నది. రాత్రి డెస్కు ఎక్కడైనా రాత్రి డెస్కే కనుక రెండు గంటల వ్యవహారం మారుతుందని నేను అనుకోవడం లేదు. సీతంపేట దారి మాస్టారూ, మీకు అభ్యంతరం లేకపోతే మీకు మెలకువ వచ్చిన రాత్రి నాకు ఫోను చేయండి, ఆ వేళకు నేను తప్పకుండా మేలుకొనే ఉంటాను. నంబరు విడిగా పంపిస్తాను.

పాత డెస్కు గారూ, యూనిట్ మారితే పీఎఫ్ లెక్క తెగిపోతుందా?


పాత డెస్కు (ఆదివారం, సాయంత్రం 5.00)

తెగదు. యూఏఎన్, అంటే మీ పీఎఫ్ నంబరు, అదే ఉంటుంది, సంస్థ ఒకటే కనుక సర్వీసు కూడా కొనసాగుతుంది. చేరిన నెలలో పాస్‌బుక్ ఒకసారి తెరిచి చూసుకోండి, చాలు. అంతకన్నా ముఖ్యమైనది, వీక్లీ ఆఫ్ ఏ రోజు ఇస్తారో బదిలీ ఉత్తర్వు రాకముందే మాట్లాడుకోండి. కొత్తగా వచ్చినవాడికి మంగళవారమో బుధవారమో అంటగడతారు, ఆ రోజు మాస్టారమ్మగారు బడిలో ఉంటారు.